కదిలితేనే చెప్తాను

ట్రోమ్‌సో నుంచి నలభై ఫొటోలు పట్టుకెళ్లాను.
ఒక్కోదాంట్లో ఒక్కో రెయిన్‌డీర్ చెవి,
తెల్ల గోడ ముందు, నీడ పడకుండా,
పక్కన కొలబద్ద పెట్టి తీసినవి.

రిస్తీన్నాకి డెబ్బై ఆరేళ్లు.
గుడారం ముందు పెట్టె మీద కూర్చుని
ఫొటోని దగ్గరికి తెచ్చుకుంది, దూరం జరిపింది,
తిరగేసి వెనకవైపు కూడా చూసింది.
"ఇది ఎవరి జింక?" అన్నాను.
"ఇందులో జింకేదీ?" అంది.

నలభైకి పదకొండు.
నాతో వచ్చిన విద్యార్థి ఎస్పెన్,
జింకని జూలో తప్ప చూడనివాడు,
గాట్ల పట్టిక ఒళ్లో పెట్టుకుని
ముప్ఫై మూడు చెప్పాడు.
చెప్పి, తనే సిగ్గుపడ్డాడు.
ఆవిడ పడలేదు. కెటిల్లో మరో గుప్పెడు కాఫీపొడి వేసింది.
"నిలబెడితే నాకేం తెలుస్తుంది,
కదిలితేనే చెప్తాను."

రాత్రి పదకొండున్నరకి మందని తోలుకొచ్చారు.
రాత్రి అన్నది నా గడియారంలోనే;
ఎండ కొండ అంచున మోచెయ్యి ఆన్చి
వెళ్లాలని లేనట్టు నిలబడి ఉంది.
కంచెలో ఆరు వందల జింకలు
ఒకే వైపు సుడి తిరుగుతున్నాయి,
అడుగడుగుకీ కాలి నరాలు చిటుకు చిటుకుమంటూ.
నాకు కనిపించిందల్లా
ఒక గోధుమరంగు వరద, దాని మీద కొట్టుకుపోతున్న కొమ్మలు.
చెవులెక్కడ? నా కళ్లనిండా దోమలు.

ఆవిడ చెయ్యి కూడా ఎత్తలేదు, గడ్డంతో చూపించింది.
"అది నీల్లాస్‌ది.
దాని వెనకది మా చెల్లికి బాప్తిస్మం నాడు ఇచ్చిన గుర్తు.
ఆ బక్కది మనది కాదు,
నది అవతలివాళ్లది, దారి తప్పింది పాపం."
చదువుతున్నట్టు లేదు,
గుమ్మంలోకి వచ్చినవాళ్లని పిలుస్తున్నట్టుంది.

"ఎడమ చెవికి గాట్లు రెండా, మూడా?"
కలం తీసి అడిగాను.
"లెక్కపెట్టలేదు.
మీ అమ్మ నవ్వితే కళ్ల పక్కన ఎన్ని గీతలు?
లెక్క తేలాకే అమ్మా అంటావా?"

కంచె దగ్గర మారెత్, మనవరాలు, పదకొండేళ్లది.
మూడు వేసవులుగా బర్చ్ బెరడు మీద
చెవులు కోసి కోసి నేర్చుకుంటోంది.
జేబులో ఇంకా ఉన్నాయి ఆ బెరడు ముక్కలు.
ఉచ్చుతాడు చుట్టలు వేసి పట్టుకుని
తప్పు పేర్లే చెబుతోంది, ఒకదాని తర్వాత ఒకటి.
రిస్తీన్నా దిద్దలేదు.
ఎండుమాంసం నములుతూ ఊరుకుంది.

అప్పుడు సుడిలో ఒక తల్లి తల తిప్పింది,
వెనకబడ్డ కూన కోసం,
రెప్పపాటులో సగం.
మారెత్ చెయ్యి ముందు లేచింది,
నోరు తరవాత తెరుచుకుంది:
"నాది!"
తాడు ఎండలో ఒక సున్నా గీసి
కూన మీద వాలింది.

చిన్న కత్తి. రెండు కోతలు. కూన ఒక్కసారి విదిలించుకుంది.
తెగిన చెవి ముక్కని దారానికి గుచ్చింది ఆ పిల్ల,
లెక్క తప్పకుండా ఉండేందుకు.
"ఎలా తెలిసింది?" నా కాగితంలో దానికో గడి ఉంది.
"తెలియలేదు," అంది చేతులు గడ్డికి తుడుచుకుంటూ,
"కనిపించింది."
ఆ గడి ఖాళీగానే పంపాను. తిరిగొచ్చింది,
పూరించమని.

నవంబరులో రేవు దగ్గర వాన.
పడవ దిగుతున్నవాళ్లంతా ముసుగుల్లో,
ఒకే రంగు, ఒకే వంపు, ఒకే తొందర.
మా అన్న ఎవరిదో కోటు వేసుకుని వచ్చాడు,
ముఖం లేదు, సగం సంచి చాటున.
నా చెయ్యి అప్పటికే గాల్లో ఉంది.

కుడి భుజం కాస్త దించి నడుస్తాడని
ఇంటికొచ్చాక రాసుకున్నాను.
మర్నాడు చూశాను:
దించడు.