డప్పు లేని పాట

ధర్మాబాద్ మిర్చి యార్డుల
గోనె సంచులు కుడుతడు ముదస్సిర్.
చేతిల దబ్బనం, చెవుల్ల తెల్ల వైర్లు.
పెదవులు కదులుతుంటయి.
ఆ కదలిక నాకెరుకే,
ఏడేండ్లప్పుడు నా ముంగట కూసోని
నాత్ నేర్చిన పెదవులు.

ఏం వింటున్నవ్ బేటా అన్న.
ఒక వైరు తీసి నా చెవిల పెట్టిండు.

గొంతు బాగుంది.
అబద్ధమెందుకు, శానా బాగుంది.
నలభై మీలాద్ రాత్రులు పాడినోన్ని,
పిలుపును ఎక్కడ సాగదియ్యాలె
ఎక్కడ కన్నీటి అంచు దాక తెచ్చి ఇడిసిపెట్టాలె
వానికి ఎవరో ఓపికగ నేర్పిండ్రు.
నా ఒళ్ళు జలదరించింది.
ఎన్క సిగ్గయింది.

ఎందుకంటే, అడుగున
టక్. టక్ టక్.
వాయిద్యం వద్దన్నోళ్ళు,
మా దర్గా కాడి దఫ్‌ను సుత పాపమన్నోళ్ళు,
తుపాకి బిగించే చప్పుడుతోటి
తాళమెట్ల కట్టిండ్రు?
ఏ కితాబుల హలాలైంది ఆ డప్పు?

అరబ్బీ వానికి రాదు, నాకూ అంతంతే.
ఒక్క మాట పట్టుకున్న: దమ్.
"ఊపిరే కద దాదా" అన్నడు వాడు మురుస్తూ.
మన ఉర్దూల ఊపిరే బిడ్డా,
మిర్చి ఘాటుకు మీ నాయినకు పట్టిన దమ్మూ అదే.
వాళ్ళ భాషల అది నెత్తురు.

వాడు దబ్బనం ఆపిండు.
మల్ల కుట్టుడు మొదలువెట్టిండు.

ఎవరికన్న చెప్తే
తెల్లారక ముందే జీపొస్తది.
ఫోను పోతది, వాడు పోతడు,
వాళ్ళమ్మ నాందేడ్ కోర్టు మెట్ల మీద
టిఫిన్ డబ్బా పట్టుకొని ముసల్దైతది.
చెప్పకుంటే,
ఏ మొకం లేని ఆ గొంతు
రోజుకింత, రోజుకింత
వాని పేరు నేర్చుకుంటది.

ఫోను లేకుంట పాడు, ఇంట అన్న.
కండ్లు మూసి ఎత్తుకున్నడు.
రెండో చరణంల ఎవరో తేజా కుప్పను తిరగేసిండ్రు,
ఘాటు లేసింది.
వాడు దగ్గిండు, నేను దగ్గిన,
హమాలీలు దగ్గిండ్రు,
తూకం కాడి మార్వాడీ సేటు సుత దగ్గిండు.
కండ్లెంబడి నీళ్ళు కారుతుంటె
ఇద్దరం నవ్వినం.

నవ్వు ఆగినంక
మల్లా చెవిల పెట్టుకున్నడు.
రెండో వైరు అడిగిండు.
ఇయ్యలే.
బాసర దిక్కు పోయే ప్యాసింజరు కూతేసింది,
నా ఎడమ చెవిల ఇంకా
టక్. టక్ టక్.
నేను ఇంటనే ఉన్న,
వాడొక్కడే ఇనకుండ.