ఖాళీ బరువు

గరివిడిలో వేబ్రిడ్జి నాది.
నాదంటే యజమానిది, కుర్చీ మాత్రం నాది.
లారీ ఖాళీగా ఎక్కుతుంది, కాగితం మీద ఒక అంకె.
మాంగనీసు రాయి నింపుకొని మళ్లీ ఎక్కుతుంది, ఇంకో అంకె.
పెద్దదాంట్లోంచి చిన్నది తీసేస్తే
సరుకు.
ఇరవై రెండేళ్లుగా ఇదే లెక్క.

చీపురుపల్లి ఆసుపత్రిలో నర్సమ్మ
నన్ను చిన్న కాటా ఎక్కించి
తొంభై నాలుగు అంది.
ఖాళీ బరువెంతో అడగలేదు.
అడిగినా చెప్పలేను,
నేనెప్పుడూ ఖాళీగా ఎక్కింది లేదు.

ఖాళీగా ఉన్నది గుర్ల హాస్టల్లోనే.
నూట పది మందిమి, ఒక్క గుండిగ.
తవుడమ్మ రెండో గరిటె
ముందు కంచం ఊడ్చినవాడికే.
నమిలితే ఓడిపోయినట్టు.
అంగిలి కాలుతుంటే
నీళ్లు పోసుకొని మింగేవాణ్ణి.
బడి ఆటల్లో ఒక్క పందెమూ గెలవని నాకు
రెండో గరిటె ఏనాడూ తప్పలేదు.

నలభై ఏళ్లయింది.
గుండిగ లేదు, తవుడమ్మా లేదు,
ఇంట్లో ఈశ్వరమ్మా నేనూ.
అయినా ఆవిడ పప్పు కలుపుకునేసరికి
నా కంచంలో మెతుకుండదు.

మొన్న మధ్యాహ్నం పార్వతీపురం లారీ క్లీనరు
నా కేరేజీ పక్కనే తనదీ విప్పాడు.
చద్దన్నం, వేయించిన మిరపకాయ, ఒక ఉల్లిపాయ.
నేను మూడు గిన్నెలూ అవగొట్టి వేళ్లు నాకేసరికి
వాడింకా ఉల్లిపాయ రెండో కొరుకులో ఉన్నాడు.
“ఎవులు తరుముతన్నారు బావూ?” అన్నాడు.
సగంలో మూత పెట్టేసి
“సాలు, మిగిల్నది పొద్దుగూకినాక” అన్నాడు.

సగంలో మూత పెట్టడం
అంతవరకు నేను చూడలేదు.

ఆ రాత్రి నెత్తళ్ల పులుసు.
ఒక ముద్ద తిని
చేతిని కంచం అంచున ఆపాను.
లారీ కాటా మీద ఆగాక కూడా
అంకె కాసేపు ఊగుతుంది కదా,
పైకీ కిందికీ, చివరికి ఒకచోట నిలబడుతుంది.
అది నిలబడకముందే చీటీ చింపేస్తున్నాను
ఇన్నాళ్లూ.

ఈశ్వరమ్మ గరిటెతో వచ్చింది.
వద్దు అనే మాట రాలేదు,
అరచెయ్యి మాత్రం కంచం మీద పడింది.
ఆవిడ నా నుదురు ముట్టుకు చూసింది,
జ్వరమేమోనని.

మర్నాడు ఆగలేకపోయాను.
ఆ మర్నాడు సగం ఆగాను.

నిన్న రాత్రి రెండింటికి మెలకువొచ్చి
చీకట్లోనే వంటింట్లోకి వెళ్లాను.
మూత తీశాను.
అన్నం అక్కడే ఉంది.
ఎవరూ తీసుకుపోలేదు.