రాతిపొడి

ముప్పై ఆరేళ్ళ మోకాలితో
విశాఖ స్టేషన్లో దిగాడు జవాద్ షర్కావి.
భుజాన సంచీ, చేతిలో బూట్లు.
బూట్లు సంచీలో పెట్టడట,
పెడితే అవి పాదాన్ని మరిచిపోతాయట.

నేను ఒకటో నంబరుని, గోల్‌కీపర్ని.
మూడు నెలలు రోజూ పొద్దున్నే
అతను కొట్టిన బంతుల్ని వలలోంచి ఏరినవాణ్ణి.
అతని గురించి చెప్పే హక్కు
ఇంకెవడికుంది?

ముక్కలుగానే చెప్పాడు,
సగం కలకత్తాలో నేర్చిన హిందీ, సగం చేతులు.
పందొమ్మిదేళ్ళప్పుడు కాసాబ్లాంకాలో
స్టేడియం మొత్తం తన పేరు అరిచిందని
చెప్పేటప్పుడు గొంతు తగ్గించేవాడు,
పక్కగదిలో ఎవరో నిద్రపోతున్నట్టు.
బెల్జియంలో మంచు. రెండో డివిజన్. పదకొండు గోల్స్.
ఆ తర్వాత కుడిమోకాలు.
టీ గ్లాసు కింద పెట్టి
అది విరిగిన చప్పుడు నోటితో చేసి చూపించాడు.
ఎడారి దేశంలో రెండేళ్ళు బెంచీ మీద,
తర్వాత కలకత్తా, గోవా,
ఊరు మారినప్పుడల్లా గడ్డి పలచబడుతూ
చివరికి మా పోర్టు గ్రౌండు.
అసలు గడ్డే లేదు.
"పర్లేదు, మొదలెట్టింది కూడా ఇలాంటి చోటే" అన్నాడు.

జ్ఞానాపురం నుంచి సైకిలు తొక్కుకుంటూ వచ్చే ఆల్బర్టు మాస్టారు
మా కుర్రాళ్ళ మీద అరిచేవారు:
"ఆడు పరిగెడతన్నాడేట్రా?
ఆడున్న కాడికి బంతే వత్తంది, సూడండి!"
నిజమే.
వల విసిరే మా మావయ్యకి నీటిరంగు తెలిసినట్టు
అతనికి తన చోటు తెలుసు.
నాకు తెలిసేసరికి
బంతి నా వెనక ఉండేది.

శుక్రవారాలు దర్గా కొండెక్కేవాడు,
ఒక్కో మెట్టుకీ మోకాలితో మాట్లాడుతూ.
అలా దిగొచ్చిన ఒక సాయంత్రం
మా నాన్న కేరేజీ ఇవ్వడానికి పోర్టు గేటు దాకా వెళ్తుంటే
నాతో వచ్చాడు.
ఎరువుల ఫ్యాక్టరీకి పోయే లారీ ఒకటి మలుపులో కుదిపి
రోడ్డు మీద దోసెడు బూడిదరంగు పొడి ఒలకబోసింది.
జవాద్ ఆగాడు.
వంగాడు. అతను వంగడమంటే ఏమిటో నాకు తెలుసు.
చిటికెడు తీసి వాసన చూశాడు.
"ఖురీబ్గా" అన్నాడు.
అది అతని ఊరి పేరని తర్వాత తెలిసింది.
"మా నాన్న చొక్కా" అన్నాడు.

ఆ నాన్న ఇరవై తొమ్మిదేళ్ళు గనిలో ఆ రాయి తవ్వాడట.
ఆదివారాలు గోడెక్కి కూర్చుని మాచ్ చూసేవాడట.
కొడుకు గోల్ కొడితే చప్పట్లు లేవు,
దగ్గు.
ఎంత హోరులోనైనా అది వినపడేదట.
కాసాబ్లాంకాలో ఆ రాత్రి
అందరూ వినపడ్డారట.

మా నాన్న సూరాడ దానయ్య, కళాసీ.
ముక్కుకి కట్టిన తువ్వాలు విప్పుకుంటూ గేటు దాటి వచ్చాడు.
కేరేజీ అందుకుని
దగ్గాడు.
జవాద్ చూపు కదల్లేదు.
"ఏట్రా, అలా సూత్తన్నాడేటి? ఆకలేమో.
కూకోమను."
లారీల పక్కన గట్టు మీద
నెత్తళ్ళ పులుసన్నం ముగ్గురం తిన్నాం.
కారానికో దేనికో
అతను కళ్ళు తుడుచుకుంటూనే ఉన్నాడు.

ఫైనల్ రోజు నాన్న డ్యూటీ మార్చుకుని వచ్చాడు,
బతుకులో మొదటి మాచ్.
గోడ మీద కూర్చున్నాడు.
ఎనభై ఎనిమిదో నిమిషంలో పెనాల్టీ.
అవతలి కొసన ఉన్న నాకు
తొమ్మిదో నంబరు వీపే కనపడింది.
బంతి స్తంభానికి తగిలి తిరిగొచ్చింది.
జనమంతా తిట్టారు.
గోడ మీంచి ఒక దగ్గు.
జవాద్ అటు తిరిగి చెయ్యెత్తి
నవ్వాడు, ఓడిపోతున్నవాడు నవ్వకూడనంతగా.

మర్నాటి రైలుకి వెళ్ళిపోయాడు.
బూట్లు నాకిచ్చాడు, రెండు సైజులు పెద్దవి.

నాన్న ఇప్పటికీ అడుగుతుంటాడు:
"ఆ తొమ్మిదోవోడు ఇప్పుడెక్కడ ఆడతన్నాడ్రా?"
"ఎక్కడో, గడ్డి బాగున్న చోట" అంటాను.
"గడ్డి బాగుండాలంటే
ఈ పొడే కదరా ఎయ్యాల" అంటాడు,
తువ్వాలు దులుపుతూ.