తరుగు

ఐదేండ్ల సంది నెలనెలా ఐదో తారీఖు
మేం చాయ పెట్టుకోక ముందే
ఫోను ఒక్కసారి వణికి ఊకుంటది.
పదిహేడు వేల తొమ్మిది వందల తొంభై ఐదు.
నర్సంపేట ఫస్టు బస్సుకు ఖాకీ అంగీ తొడుక్కుంట
"పోయినయా?" అంటడు ఆయన.
"పోయినయి" అంట.
మా ఇంట్ల సుప్రభాతం అదే.

మడికొండ దాటినంక
రైలు పోయినప్పుడల్లా కిటికీలు గొణిగే చోట
రెండు గదులు, ఒక వంటిల్లు, మెట్ల కింద బాత్రూం.
ఇరవై లక్షలు బ్యాంకువి,
మిగిలినవి నా పుస్తెలతాడువి.
గడపకు పసుపు రాసిన నాడే
ఇల్లు మాదైందనుకున్న.

మొన్న ఐతారం ఓదెమ్మ చిన్నమ్మ వచ్చింది.
ముప్పై ఏండ్లాయె
ఎనుమాముల మార్కెట్ల మిర్చి తొడిమెలు తీయబట్టి.
ఆమె పట్టుకున్న గ్లాసు ఎవరు ముట్టినా మండుతది.
చదువు రాదు, తూకం వచ్చు.
"ఇప్పటిదాంక ఎంత కట్టిండ్రే?" అన్నది.

పొద్దంత ల్యాబుల బిల్లులు కొట్టేదాన్ని,
నా బిల్లు నేనెన్నడూ కూడలే.
బ్యాంకు కాయితం తీసి ముందరేసుకున్న.
కట్టింది పది లక్షల డెబ్బై తొమ్మిది వేలు.
అసలుల తగ్గింది రెండు లక్షల ఇరవై ఐదు వేలు.
మళ్ల చదివిన.
వేలు పెట్టి చదివిన.

చిన్నమ్మ ఏమనలే.
చాటల చింతగింజలుంటే
పద్దెనిమిది ఏరి బండ మీద పెట్టింది.
"ఇది మొదటి నెల కిస్తు. వడ్డీ ఎంత?"
పదిహేను వేలన్న.
పదిహేను గింజలు అటు జరిపింది.
ఇటు మూడు.
"బస్తాకు రెండు కిలోలు తరుగు తీస్తెనే
రైతులు కాంటా ఆపి కొట్లాడుతరు బిడ్డా.
ఇది తరుగు గాదు,
తరుగు తీసుకపోంగ రాలిన గింజలు."

లేచి ఇల్లంత తిరిగిన.
తొమ్మిదింట ఒక వంతు మాదైతే
మెట్ల కింది బాత్రూం మాది,
దాని తలుపు గొళ్లెం కూడా మాదే కావచ్చు.
ఆయన టోపీ తగిలించే మేకు ఎవరిది?
పిల్ల పండ్లకు క్లిప్పు వచ్చే ఏడు పెట్టిద్దామని
మూడేండ్ల సంది అంటున్నం,
డబల్ డ్యూటీలకు వంగిన ఆ నడుము,
ఇవి ఈ కాయితంల ఏ వరుసల ఉన్నయి?

అడుగున ఇంకో లెక్క.
వడ్డీ తొమ్మిది నుంచి తొమ్మిదిన్నరైందని
మార్చిల మెసేజ్ వచ్చిందట.
కిస్తు పెరగలేదని సంబురపడి తుడిచేసిన.
కిస్తు పెరగలే, నిజమే.
కొసకు పదమూడు నెలలు మొలిచినయి,
పదమూడూ ఆయన రిటైరైనంకనే.
చిన్నమ్మ ఇంకో పదమూడు గింజలు లెక్కవెట్టి
గడప పక్కన పెట్టింది.
"ఇవి ఎవ్వల్ని అడిగి వచ్చినయే?"

సోమారం బ్యాంకుకు పోయిన.
చీటీ ఎత్తిన యాభై వేలున్నయి, ఇనుప గేటుకని దాచినవి.
"అసలుల వేసుకోండ్రి" అన్న.
కౌంటర్ల పిల్ల, సహజ అని పేరు రాసి ఉంది,
"కిస్తు తగ్గించాల్నా మేడం, నెలలు తగ్గించాల్నా?"
ఐదేండ్లల్ల నన్నెవరూ అడగని మాట.
"నెలలు."
కీబోర్డు టకటకమన్నది.
పన్నెండు నెలలు పోయినయి.
యాభై వేలకు రెండు లక్షల పదిహేను వేల కిస్తులు.
మరి ఇన్నొద్దులు ఎందుకు చెప్పలేదంటే
"మీరు అడగలేదు కద మేడం" అన్నది,
తప్పు లేని మొఖంతోని.

వాకిట్ల ఇంకా తడకనే.
రాత్రి పెంకల గింజలు వేయించిన.
పటుక్కు పటుక్కున కొరుక్కుంట ముగ్గురం కూసున్నం.
"దీనికి ఎంత వడ్డీనే అమ్మా?" అని పిల్ల నవ్వింది,
వంకర పండ్లతోని.
పన్నెండే దొరికినయి. పదమూడోది
చాప కింద చూసినం, చీపురుతోని ఊడ్చినం,
లేదు.

నడిజామున నీళ్లకు లేస్తే
చీకట్ల, గడప కాడ,
కాలి కింద గుచ్చుకున్నది.