తువ్వాలు ముసిలాయన

జహ్రాలో, గేటు పక్కన డ్రైవరు గదిలో,
శుక్రవారం రాత్రి
సుడలైముత్తు బియ్యం డబ్బాకి ఆనించి ఫోను పెడతాడు.
నలుపూ తెలుపూ. అరవం.
సత్యవేడు టెంటులో ఇసక కుప్ప చేసుకోని
దానిమీద కూర్చోని చూసిన కాలం నించీ
వీళ్లంతా నాకు చుట్టాలే.

అదిగో, పట్టు గౌనాయన మెట్లు దిగతాండాడు.
చేతిలో పైపు, ఎప్పుడూ వెలిగించడు.
అదిగో డాక్టరు. నల్లపెట్టి వెనకాలోడు మోస్తాండాడు.
నాడి పట్టుకోని గడియారం చూడడు, గోడ చూస్తాడు.
కండ్లద్దాలు తీసినాడంటే
"పోయింది" అంటాడు సుడలై, పందెం గెలిచినట్టు.
కుట్టుమిషను కాడ దగ్గే తల్లి.
ఇల్లు పంచమనే చిన్నకోడలు, ఆమెకి సలహాలిచ్చే మేనమామ.
(ఈ మేనమామకి వేరే పనే ఉండదు, పాపం.)

నాకు మాత్రం ఆయన గావాల.
తువ్వాలు భుజాన ఏసుకోని
స్తంభం పక్కన నిలబడే ముసిలాయన.
చిన్నయ్యను ఎత్తుకోని పెంచినోడు,
పత్రాలు ఏ పెట్టిలో ఉండాయో తెలిసినోడు,
ఆఖరి రీలు దాకా అందరి ఏడుపూ ఏడ్చి
కుటుంబం ఫోటోలో
అంచున మోచెయ్యి మాత్రం పడినోడు.

ఆయన యాడ పండుకుంటాడో ఏ సినిమాలోనూ చూపీలేదు.
జీతమెంతని ఎవురూ అడగలేదు.
నేనూ అడగలేదు,
గోలీసోడా పట్టుకోని ఎక్కెక్కి ఏడ్చినా, అంతే.

మొన్న ఫహద్‌కి లైసెన్సు వచ్చింది.
నాలుగేండ్లోణ్ణి మొదటి దినం బడికి తోలింది నేను,
అద్దంలో వాని ముక్కు చీమిడి చూసుకుంటా.
పద్నాలుగేండ్లు.
మొన్న వాడు తోలినాడు, నన్ను పక్కన కూర్చోబెట్టుకోని.
మలుపులో చెయ్యి నా పక్కకి అడ్డం పెట్టినాడు,
నేను వానికి పెట్టినట్టే.
దిగి నేను కారు తుడిచినా.
తుడిచి, గుడ్డ యాడ పెట్టిందీ
ఇంతసేపూ ఎతకతాండా.

"భుజాన ఉండాది గదరా" అన్నాడు సుడలై,
తల తిప్పకుండానే.

ఫోనులో బొమ్మ ఆగిపోయింది.
ముసిలాయన నోరు తెరిచి ఉండాడు,
తువ్వాలు కొస కంటికి సగం దూరంలో.
ఏం చెప్తాడో మా ఇద్దరికీ తెలుసు.
డేటా అయిపోయినట్టుంది.
ఇంతలో గోడమీది ఇంటర్‌కామ్ మోగింది, లోపలికి
ఖుబ్జు కావాలంట,
వేడిది.