రేపటి సంతకం

కొరుక్కుపేటలో మా గుమ్మం పక్కన
మేకుకి ఒక నోటుబుక్కు వేలాడుతోంది.
ఎర్ర అట్ట. కట్టిన దారం నాదే, పాత లంగా బొందు.
పొద్దున ఒక సంతకం, రాత్రి ఒక సంతకం.
హైకోర్టు నాకిచ్చిన ధైర్యం
ప్రస్తుతానికి అంత.

ముప్పై వేలు తీసుకున్నాను,
బండి చక్రాలకీ ఇత్తడి పెట్టెకీ.
డెబ్బై కట్టాను. ఇంకా ముప్పై ఉందట.
లెక్క అడిగితే అతను కోప్పడలేదు.
నవ్వి, "పాపది ఏ బడి?" అన్నాడు.

ఆ వారమే
దండెం మీద దేవిక యూనిఫారం చొక్కా
వీపు మధ్యన మాడిపోయి కనిపించింది.
చీటీ లేదు, మాట లేదు.
ముందువైపు కోసుగా ఆ మచ్చ,
సరిగ్గా ఇస్త్రీ పెట్టె అచ్చు.

స్టేషన్లో రైటరు దాన్ని అటూ ఇటూ తిప్పాడు.
"ఇస్త్రీ చేసేది నువ్వేగా,
నువ్వే మాడ్చుకుని ఉంటావు."
ఇరవై ఏళ్లుగా బొగ్గులతో బతుకుతున్నాను సార్,
ఒక్క గుడ్డ...
అనేలోపు టీ వచ్చింది. ఆయనకి.
మూడుసార్లు వెళ్లాను, రసీదు ఇవ్వలేదు.
మూడోసారి నేను బయటికొస్తుంటే
అతని బండి లోపలికొస్తోంది.

లింగిచెట్టి వీధిలో నావి వకీళ్ల బట్టలు,
తెల్ల పట్టీలు, నల్ల గౌన్లు.
తిలకవతమ్మ గౌనుకోసం వచ్చిననాడు
చొక్కా తీసి బల్లమీద పరిచాను.
ఆవిడ చాలాసేపు ఏమీ అనలేదు.
తర్వాత, "దీన్ని ఉతక్కు" అంది.

కాగితాల్లో అతని పేరు నాలుగో ప్రతివాది.
మొదటి ముగ్గురూ పోలీసులే.
మా సందులోనూ అతని పేరు ఎవరూ పలకరు,
కాకపోతే ఇంత మర్యాదగా కాదు.

నా కేసు నాలుగు నిమిషాలు.
ఇంగ్లీషులో నా భయం ఎంత పొట్టిగా ఉందో!
జడ్జిగారి ముఖం కాదు, చేతులు చూశాను.
చొక్కా ఫోటో దగ్గర పేజీ తిప్పడం ఆగింది.
నేను పెట్టిన మడత
తిలకవతమ్మ భుజంమీద చెదరకుండా నిలబడి
నాకోసం మాట్లాడుతోంది.

ముప్పు ఎంతుందో అంచనా వేసి కాపలా పెట్టమన్నారు.
పెట్టె వేడి తెలియాలంటే
వేలితో ఒక్క నీటిచుక్క చాలు, చుయ్‌మంటుంది.
నా వేడి చూడ్డానికొచ్చిన ఎస్సై
గడప దాటలేదు.
"నిద్ర పడుతోందా?" అనడిగి
జవాబు వినకుండానే రాసుకున్నాడు.

కానిస్టేబులు ఏలుమలై మంచోడే.
రిటైరవడానికి ఏడు నెలలు, మోకాళ్ల నొప్పి.
నీలం ప్లాస్టిక్ కుర్చీలో కూర్చుని
దేవిక లెక్కల్లో తప్పులు అరవంలో దిద్దుతాడు.
అతనుంటే సందులో బైకులు మెల్లగా పోతాయి.
అతను లేని గంటలు అందరికీ తెలుసు,
నాలుగో ప్రతివాదికి కూడా.

ఇప్పుడతని ఖాకీ నేనే రుద్దుతున్నాను.
డబ్బులిస్తాడు, తీసుకుంటాను.
మొండి గుడ్డ అది,
రెండుసార్లు నీళ్లు తాగితే గానీ లొంగదు.

నిన్న రాత్రి సంతకం పెట్టి
పేజీమీంచి చెయ్యి తియ్యలేదు.
"రేపు మంత్రి బందోబస్తు ఉందమ్మా,
రేపటిది కూడా పెట్టేస్తాను."
రేపటి తేదీ. పొద్దున ఎనిమిది, రాత్రి తొమ్మిది.
అంతా క్షేమమని ముందే.

భయపడలేదని అనను.
చేతి బూడిద చీరకి తుడుచుకుని
పుస్తకం మెల్లగా లాక్కున్నాను.
"రేపు ఇంకా రాలేదన్నా.
వచ్చి, అప్పటికి నేనుంటే, పెడుదువులే."

పెన్ను మూత చేతిలోనే ఉంది.
దానికోసం జేబులన్నీ తడుముకున్నాడు.

ఇవాళ దేవికను నేనే బడిలో దింపాను,
పుస్తకం సంచిలో వేసుకుని.
ఇక్కణ్ణుంచి లింగిచెట్టి వీధికి పోవాలి,
తిలకవతమ్మకి చూపించాలి
తెల్లగా ఉన్న ఈ రెండు గడులు.

వీటినీ ఉతకను.