గంపకు టికెట్

పొద్దుగాల ఐదున్నర ట్రిప్పు.
కల్వకుర్తి దాటి ఖాకీ కోటు గుండీలు
నేనింకా పెట్టుకోకముందే
గేటు కాడ చెయ్యెత్తుతది ఈదమ్మ.
చెయ్యంటే చెయ్యి కాదు, రెండు వేళ్లు.
డ్రైవర్ నర్సింలు బ్రేకు తొక్కుతడు, తిట్టుకోకుంట.

ముందుగాల గంప ఎక్కుతది.
తర్వాత కట్టె. ఆ తర్వాత ఆమె.
తడిగుడ్డ కింద చింతచిగురు,
రాత్రిది కాదు,
మబ్బుల మూడింటికి నోట్ల టార్చి కరుసుకొని
దోటితోని కొమ్మ వంచి తెంపింది.

"ఆధార్ సూపియ్యవ్వా."
కొంగుముడి విప్పుతది.
కార్డుల ఉన్న మనిషికి ఆమెకన్న
పదేండ్లు తక్కువ, ఒక ముక్కుపుల్ల ఎక్కువ.
సున్నా టికెట్ కొట్టిస్త.
చెయ్యి అట్లనే సాపి ఉంటది.
"నాకు సర్కారు మాఫీ జేసింది బిడ్డా,
గంపకు జెయ్యలే గద.
గంపకు గొట్టు."

మొదటిసారి నవ్విన.
ఎవ్వరడుగుతలేరు, కూసోమన్న.
కూసోలే.
మిడ్జిల్ దాక, అన్ని గుంతలల్ల,
ఒక చెయ్యి రాడ్డుకు, ఒక చేతిల ఇరవై నోటు,
ఓటుకు లైన్ల నిలవడ్డట్టు నిలవడ్డది.
ఆనాటి సంది కొడుతున్న.

జడ్చర్ల మార్కెట్ బయట గోనెసంచి పరుస్తది.
తక్కెడ లేదు, దోసిలే.
బేరమాడినోళ్లకు బేరం,
ఆడనోళ్లకు కొసరు.
"గింతేనా" అన్న సారుకు
ఏం జవాబియ్యదు, ఈగలు తోలుతది.

ఒకనాడు చిల్లర లేకుండె.
"రేపిస్త" అన్నది.
రేపు రాలే. ఎల్లుండి రాలే.
గేటు కాడ నర్సింలు
రెండు దినాలు ఉత్తగనే బ్రేకు తొక్కిండు,
పండుకున్న కుక్క లేచి పక్కకు జరిగింది.
ఆ ఇరవై నేను డిపోల కట్టిన సంగతి
నాకే యాది లేదు.

తొమ్మిదో దినం రెండు వేళ్లు లేసినయి.
జ్వరమంట. దవడలు గుంజుకపొయినయి.
గంప లేదు.
బస్సు ఎక్కలే,
ఫుట్‌బోర్డు మీద ఒక్క కాలు వెట్టి
ఇరవై రూపాలు నా చేతుల వెట్టింది.
"ఆనాటి గంపది."
ఎన్క పేపరు పొట్లంల పిడికెడు చిగురు.

"ఇదేందవ్వా?"

"మిత్తి."

కాలు దించుకొని, కట్టె ఊతంగ
ఊరి దిక్కు మర్లింది.
అద్దంల సూస్తున్నడు నర్సింలు,
బండి కదిలియ్యకుంట.
ఎన్కసీట్లకెల్లి ఎవరో అన్నరు
"రైట్, రైట్" అని.
నేను గాదు.